శేషించినవారు ఆడిన ఆట

ఈ నెల పాఠము ఒక ఆటనుగూర్చినది. సంఘపత్రికలో ఆటల సంగతి యేల అని పెద్దలు అడుగవచ్చును. మేమును మొదట అట్లే తలంచితిమి. అయితే పది ఆటలాడి ఎనిమిదింటిలో ఓడిపోయిన ఒక కాలేజీ జట్టును, యాభై యేండ్లు దాటిన తరువాతను ఒక పట్టణమంతయు గౌరవముతో జ్ఞాపకము చేసికొనుచున్నదని తెలిసినప్పుడు, ఇందులో మనకు పనికివచ్చు సంగతి యేదో యున్నదని తోచినది. దుఃఖము చూడని ఇల్లు మన సంఘములలో ఒక్కటియు లేదు గదా. కనుక కొంచెము ఓపికపట్టి చదువుడి.

అమెరికా దేశమున పశ్చిమ వర్జీనియా రాష్ట్రములో ఒహాయో నది యొడ్డున హంటింగ్టన్ అను పట్టణము కలదు. 1970లో అక్కడి జనసంఖ్య సుమారు 74 వేలు. అందులో మార్షల్ విశ్వవిద్యాలయమున్నది. అది 1837లో ఒక చిన్న పాఠశాలగా, దుంగలతో కట్టిన మౌంట్ హెబ్రోను అను చర్చి యున్న తావున మొదలైనది. మన ప్రాంతములలోను ఎన్నియో బడులు ముందు ప్రార్థనశాల పాకలోనే పుట్టినవి గనుక ఈ మాట మీకు వింతగా తోచదు.

ఫుట్‌బాల్ అనగానే మన పిల్లలు కాలితో తన్ను గుండ్రని బంతిని తలంతురు. అమెరికావారు ఆ పేరుతో ఆడునది వేరు. వారి బంతి రెండు కొనలు దేలి యుండును. దానిని చంక నిరికించుకొని పరుగెత్తుదురు, లేక ముందున్న తోటివానికి విసరుదురు. ప్రక్కకు పదునొకండుగురు. నాలుగు ప్రయత్నములలో పది గజముల నేల గెలుచుకొనవలెను. లేనియెడల బంతి ఎదుటివారి పాలగును. ఎదుటివారి చివరి గీత దాటించినచో ఆరు పాయింట్లు. మన చెడుగుడులో పట్టుపట్టి పడద్రోసినట్టే అక్కడను పడద్రోయుదురు గాని, అది చాల మొరటైనది. ఎత్తును బరువును గల యువకులు దానికి కావలెను. కాలేజీలవారు సెప్టెంబరు మొదలు నవంబరు వరకు ఎక్కువగా శనివారములందు ఆడుదురు. ఆ ఆటలన్నిటిని కలిపి సీజను అందురు. శనివారము వచ్చెనా, చిన్న పట్టణములలో పెండ్లివారమువలె ఊరంతయు ఆ మైదానమునకే పోవును.

మార్షల్ జట్టు గొప్ప జట్టు కాదు. 1966 మొదలు 1969 వరకు వరుసగా 27 ఆటలలో దానికి ఒక్క గెలుపైనను లేదు. ఆటగాండ్లను చేర్చుకొనుటలో నియమములు తప్పినందున 1969లో తమ కాలేజీల కూటమినుండి వెలివేయబడినది. ఈ సంగతిని మేము దాచము. చనిపోయినవారినిగూర్చి చెప్పునప్పుడు వారిని దేవదూతలుగా చేయు అలవాటు మనకున్నది. వీరు సామాన్యులైన పిల్లలు. వారి జట్టు సామాన్యమైన, కొంత అపకీర్తికూడ పొందిన జట్టు. ఆ ఊరివారు అట్టిదానినే ప్రేమించిరి.

1970 నవంబరు 14, శనివారము. ఆ దినమున జట్టు ఉత్తర కరోలినాలోని గ్రీన్‌విల్లులో ఈస్ట్ కరోలినా విశ్వవిద్యాలయముతో ఆడి 17–14తో ఓడిపోయెను. మామూలుగా వారు బస్సులలోనే పోవువారు. ఈసారి దూరమెక్కువగుటచేత ఒక విమానమును బాడుగకు కుదుర్చుకొనిరి. రాత్రి ఏడున్నర దాటుచుండగా, వానయు మంచును క్రమ్మియుండగా, విమానము తమ ఊరి విమానాశ్రయమునకు ఇంచుమించు ఒక మైలు దూరములో కొండమీది చెట్లకు తగిలి కూలి మండిపోయెను. అందులో నున్న 75 మందిలో ఒక్కరును మిగులలేదు. ఆటగాండ్లు 37 మంది, శిక్షకులును సిబ్బందియు 8 మంది, జట్టును అభిమానించి వెంట వెళ్లిన ఊరి పెద్దలు 25 మంది, విమానపు పనివారు తదితరులు ఐదుగురు. నేల కనబడకముందే దిగకూడనంత క్రిందికి విమానము దిగినదని విచారణలో తేలెను. అట్లు దిగుటకు కారణము మాత్రము నిశ్చయముగా తేలలేదు.

ఆ 25 మందిలో వైద్యులుండిరి, వ్యాపారులుండిరి, భార్యాభర్తలు కలిసి వెళ్లినవారుండిరి. డెబ్బదిమంది పిల్లలు తల్లినో తండ్రినో పోగొట్టుకొనిరి. వారిలో పదునెనిమిదిమంది ఇద్దరిని పోగొట్టుకొని అనాథలైరి. ఒక చర్చిలో భూస్థాపన ప్రార్థన ముగియగానే జనులు మరియొక చర్చికి పరుగెత్తవలసివచ్చెను. ఆరుగురు ఆటగాండ్ల శరీరములు ఎవరివో గుర్తింప వీలుకాలేదు. వారిని స్ప్రింగ్ హిల్ స్మశానములో ప్రక్కప్రక్కనే పాతిపెట్టిరి. ఆ స్మశానము గుట్టమీద నున్నది. అక్కడ నిలిచి చూచిన క్రింద విశ్వవిద్యాలయము కనబడును.

విమానమెక్కనివారు కొందరు మిగిలిరి. నేట్ రఫిన్ అను ఆటగాడు గాయముచేత ఆ దినము వెళ్లలేదు. మరియొకడు తన తండ్రి చనిపోయినందున టెక్సాసులోని ఇంటికి పోయియుండెను. ఈతడు తరువాత సువార్తికుడాయెను. సహాయ శిక్షకుడు రెడ్ డాసన్ కొత్త ఆటగాండ్లను వెదకుపనిమీద కారులో తిరుగుచు, ఆ కారులోనే ఇంటికి బయలుదేరెను. త్రోవలో రేడియోలో ఆ వార్త వినెను. ఆ పిల్లలలో అనేకుల తల్లిదండ్రులయొద్దకు వెళ్లి, మీ వానిని మాకప్పగించుడని అడిగి తెచ్చినవాడు ఆయనే.

ఇక్కడ మేము కొంచెము ఆగవలెను. ఒకసారి మేము ఒక కూటములో కూర్చుండియుంటిమి. ఒక సహోదరుడు లేచి, తాను ఎక్కవలసిన బస్సు తప్పిపోయినదనియు, ఆ బస్సు బోల్తాపడి అనేకులు చనిపోయిరనియు, దేవుడు తన్ను ప్రేమించి తప్పించెననియు సాక్ష్యమిచ్చెను. మేమందరము ఆమేన్ అంటిమి. రెండవ వరుసలో అదే బస్సులో కుమారుని పోగొట్టుకొన్న తల్లి కూర్చుండియున్నది. ఆమె కొంగు నోటికడ్డము పెట్టుకొని లేచి వెలుపలికి పోయెను. అప్పుడుగాని మాకు తెలియలేదు, మేము దేనికి ఆమేన్ అంటిమో. సిలోయములో గోపురము కూలి పదునెనిమిదిమంది చనిపోయిన సంగతి ప్రభువు ఎత్తినప్పుడు, వారు మిగిలినవారికంటె అపరాధులని తలంచవద్దనెను గాని, మిగిలినవారు మంచివారు గనుక బ్రదికిరని చెప్పలేదు.

హంటింగ్టనులో మిగిలినవారికి తాము బ్రదికియుండుట సాక్ష్యముగా తోచలేదు, బరువుగా తోచెను. డాసన్ ఆ బరువును అనేక సంవత్సరములు మోసెను. ప్రధాన శిక్షకుడు రిక్ టోలీ మరణించెను గనుక ఆయన స్థానమును తీసికొనుడని అడుగగా డాసన్ ఒప్పుకొనలేదు. అయితే చెదరిన పనిని నిలబెట్టుటకు సహాయ శిక్షకుడుగా మరియొక సంవత్సరముండి, ఆ సీజను ముగియగానే ఆ వృత్తిని విడిచిపెట్టెను. ఇది పిరికితనమని మేము చెప్పము. ఒక్క సంవత్సరము నిలిచి, అంతకుమించి నిలువలేనని తెలిసికొనుట కూడ నమ్మకత్వమే.

ఇప్పుడు అసలు ప్రశ్న. ఆట మరల ఆడవలెనా, మానవలెనా? 1970 సీజనులో మిగిలిన ఒక్క ఆటను రద్దుచేసిరి. ఆ తరువాత జట్టునే తీసివేయుదమను ఆలోచన విశ్వవిద్యాలయములో బలముగా నుండెను. ఆ తలంపు గలవారిని మనము తప్పుపట్టరాదు. మన పల్లెలలో ఒక ఇంట మరణము జరిగిన, ఏడాది తిరుగువరకు ఆ ఇంట పెండ్లి చేయరు, కొత్త బట్ట కట్టరు. కొందరు క్రిస్మసు పండుగకు ఇంటిముందు నక్షత్రము కూడ కట్టరు. ఆ బిడ్డ లేని ఇంటిలో మనమెట్లు నవ్వుదుమని వారి భావము. ఆ పిల్లలు లేని మైదానములో బాకాలూది కేకలు వేయుటెట్లని హంటింగ్టనులో కొందరికి తోచినది. ఆ మాటలో న్యాయమున్నది.

మరియొక ప్రక్క రఫిన్ మొదలైన మిగిలిన ఆటగాండ్లును, విద్యార్థులును, ఊరివారనేకులును జట్టు నిలువవలెనని అడిగిరి. వారికిని న్యాయముండెను. చనిపోయినవారు ప్రేమించిన పనిని చంపివేసిన, వారికి రెండవ మరణము కలుగజేసినట్టు గాదా? తాత్కాలిక అధ్యక్షుడుగా నుండిన డోనాల్డ్ డెడ్మన్ అను ఆయన తుదకు జట్టును నిలుపుటకే నిర్ణయించెను. ఏ ప్రక్కవారు దుఃఖమును ఎక్కువగా నెరిగినవారో మేము చెప్పజాలము. ఉభయులును ఎరిగినవారే.

నిర్ణయించుట తేలిక, పని కష్టము. శిక్షకుడు దొరుకుటయే గగనమాయెను. ఒకరు ఒప్పుకొని వచ్చి, కొద్దిదినములకే వెనుకకు పోయిరి. తరువాత 1971 మార్చిలో ఒహాయోలోని వూస్టర్ అను చిన్న కాలేజీనుండి జాక్ లెంగ్యెల్ అనునాయన వచ్చెను. ఆటగాండ్లేరీ? ఆ దినములలో కాలేజీల ఆటలను నడుపు జాతీయ సంస్థవారి నియమముప్రకారము మొదటి సంవత్సరపు విద్యార్థులు పెద్ద జట్టులో ఆడరాదు. వారికి వేరు జట్టుండెను. 1970లో ఆ చిన్న జట్టువారు విమానమెక్కలేదు గనుకనే మిగిలిరి. లెంగ్యెల్ వచ్చునప్పటికి చేతిలో నున్నవారు ఎవరనగా, పెద్ద జట్టులో మిగిలిన ముగ్గురు నలుగురు, ఆ చిన్న జట్టు, ఇతర ఆటలు ఆడుచు దీనిని ఎరుగని కొందరు విద్యార్థులు. ఇంతటితో సీజను నడువదని జాతీయ సంస్థను వేడుకొనగా, మొదటి సంవత్సరపు పిల్లలును ఆడవచ్చునని మార్షలునకు ప్రత్యేకముగా సెలవిచ్చిరి. ఆ మరుసటి యేట, అనగా 1972లో, ఆ నియమము దేశమంతటను సడలింపబడెను.

పెద్ద శరీరములు లేనివారికి ఏ యుక్తి నేర్పవలెను? ఆ రాష్ట్రములోనే మార్షలుకంటె పెద్దదియు ప్రఖ్యాతమును నగు వెస్ట్ వర్జీనియా విశ్వవిద్యాలయమున్నది. దాని శిక్షకుడు బాబీ బౌడెన్. ప్రమాదము జరిగిన దినములలో ఆయన జట్టువారు తమ శిరస్త్రాణములమీద ఆకుపచ్చని సిలువ గుర్తును, మార్షల్ పేరులోని మొదటి అక్షరములను వేసికొని ఆడిరి. ఆకుపచ్చ మార్షలువారి రంగు. లెంగ్యెల్ వెళ్లి అడిగినప్పుడు బౌడెన్ తన యుక్తుల పుస్తకములను, ఆటల ఫిల్ములను విప్పి చూపి, ‘వీర్’ అను పద్ధతిని నేర్చుకొననిచ్చెను. అందులో బంతి పట్టినవాడు పరుగెత్తుచునే, ప్రక్కవానికి ఇచ్చుటో, తానే ఉంచుకొనుటో, వెలుపలివానికి విసరుటో ఎదుటివాని అడుగునుబట్టి నిర్ణయించుకొనును. బలవంతుని ఢీకొనకయే అతని దాటిపోవు ఉపాయమది. ఆట పోటీలలో ఒకరి యుక్తి ఒకరికి చూపుట యనగా, సంతలో ఒక బేరగాడు ప్రక్క బేరగానికి తన లెక్కల చిట్టా చూపుటవంటిది. ఈ ఒక్క సంగతికొరకైనను ఈ కథ చెప్పదగినదని మా అభిప్రాయము.

1971 సెప్టెంబరు 18న మొదటి ఆట మోర్‌హెడ్ అను ఊరిలో. 29–6తో ఓడిరి. సెప్టెంబరు 25న తమ ఊరిలో, ఫెయిర్‌ఫీల్డ్ మైదానములో, జేవియర్ విశ్వవిద్యాలయముతో రెండవ ఆట. ప్రమాదము తరువాత ఆ ఊరిలో జరిగిన మొదటి ఆట అదియే. గత యేట ఆ బల్లలమీద కూర్చుండి కేకలు వేసినవారిలో కొందరు ఇప్పుడు గుట్టమీద నున్నారు. వారి పిల్లలు ఆ బల్లలమీద కూర్చుండిరి.

గెలుతురని ఎవరును అనుకొనలేదు. చివరి నిమిషములలో జేవియరు 13, మార్షలు 9. గడియారములో ఒక్క ఆటకు మాత్రమే సమయము మిగిలినది. చివరి గీత ఇంకను 13 గజముల దూరము. బంతి విసరువాడు రెజీ ఆలివర్. 1970లో చిన్న జట్టులో నున్నందున మిగిలినవాడు. తన స్వస్థలమైన టస్కలూసానుండి వచ్చిన స్నేహితులు విమానములో చనిపోయిరి. అతడు ఒక ప్రక్కకు పరుగెత్తి, ఎదుటివారందరు తనవైపు త్రిప్పుకొనగా, ఇంకొక ప్రక్క నిలిచియున్న టెర్రీ గార్డ్నర్ అను మొదటి సంవత్సరపు కుఱ్ఱవానికి బంతి నిచ్చెను. గార్డ్నరు గీత దాటెను. సమయము ముగిసెను. 15–13.

జనులు మైదానములోనికి పరుగెత్తిరి. ఆట ముగిసిన పిమ్మట చాలసేపటివరకు ఎవరును ఇంటికి పోలేదు. ఒకరినొకరు కౌగిలించుకొని ఏడ్చిరి. సంతోషముచేతనా, దుఃఖముచేతనా అని అడిగిన వారు చెప్పలేకపోయి యుందురు. చెరనుండి తిరిగివచ్చినవారు రెండవ మందిరపు పునాది వేసిన దినమును ఎజ్రా గ్రంథములో చదువుదుము గదా. మొదటి మందిరమును కన్నులార చూచిన వృద్ధులు బిగ్గరగా ఏడ్చిరి. చూడని పడుచువారు సంతోషముతో ఆర్భటించిరి. దూరమున విన్నవారికి ఏది ఏడ్పో ఏది ఆర్భాటమో తెలియలేదు. ఎవరును ఆ వృద్ధులను, ఇది పండుగ దినము, ఏడువకుడని గద్దించినట్టు అక్కడ వ్రాయబడలేదు. ఆ పడుచువారిని, మీకు సిగ్గులేదా అని మందలించినట్టును వ్రాయబడలేదు. ఆ రెండు ధ్వనులను కలిసియుండనిచ్చిరి. మన ఇండ్లలో మొదటి క్రిస్మసునాడు తల్లి గది మూలలో ఏడ్చుచుండగా చిన్నవాడు టపాకాయలు అడిగినయెడల, మనము ఇద్దరిలో ఒకరిని తప్పక కసరుదుము.

ఇచ్చట నిలిపినయెడల కథ అందముగా నుండును. 2006లో వీరినిగూర్చి తీసిన ‘వి ఆర్ మార్షల్’ అను సినిమాకు ఈ ఆటయే శిఖరము. కాని సీజను ఇచ్చట నిలువలేదు. ఆ తరువాతి ఆటలో మియామీ అను ఒహాయో విశ్వవిద్యాలయమువారు వారిని 66–6తో నలగగొట్టిరి. తరువాత వరుసగా ఓటములు. కొన్ని ఆటలలో ఒక్క పాయింటైనను రాలేదు. పదునెనిమిదేండ్ల పిల్లలు ఇరువది రెండేండ్లవారిచేత దెబ్బలుతిని, శనివారము రాత్రి కుంటుచు వచ్చి, సోమవారము మరల మైదానమునకు పోయిరి. అక్టోబరు చివర బౌలింగ్ గ్రీను జట్టుమీద 12–10తో మరియొక గెలుపు వచ్చెను. సీజను ముగియునప్పటికి రెండు గెలుపులు, ఎనిమిది ఓటములు.

మాకు జేవియరు ఆటకంటె ఈ ఎనిమిది ఓటములే ఎక్కువ విలువైనవిగా తోచుచున్నవి. అద్భుతము జరిగిన దినమున నిలుచుట ఎవరికైనను సాధ్యమే. 66–6 తరువాతి సోమవారము పొద్దున లేచుట వేరు. విధవరాలైన సహోదరికి భూస్థాపననాడు ఊరంతయు తోడుండును. నాలుగవ నెలలో, ఎరువు అప్పు తీర్చవలసిన దినమున, ఎవరు తోడుందురు? ఆమె అప్పుడు చేయు పని ఏ సాక్ష్యకూటములోను వినబడదు.

లెంగ్యెల్ 1974 వరకు నాలుగు సీజనులు అక్కడ నుండెను. ఆయన లెక్క తొమ్మిది గెలుపులు, ముప్పదిమూడు ఓటములు. లోకరీతిగా చూచిన, తీసివేయదగిన శిక్షకుడు. ఆయనను హంటింగ్టను నేటికిని మరువలేదు. గెలుపులు ఓటములకంటె ఎక్కువైన సీజను ప్రమాదము తరువాత 1984లోగాని రాలేదు. 1992లోను 1996లోను మార్షలు తన తరగతిలో జాతీయ విజేత యాయెను. ఆ బిరుదులు గెలిచిన పిల్లలలో అనేకులు ప్రమాదమునాటికి పుట్టియే యుండలేదు.

1972 నవంబరు 12న విశ్వవిద్యాలయపు నడిబొడ్డున ఒక జ్ఞాపకార్థపు ఫౌంటెనును ప్రతిష్ఠించిరి. హ్యారీ బెర్టోయా అను శిల్పి దానిని లోహముతో చేసెను. పదమూడు అడుగుల ఎత్తు. అది పైకి ఎగయు మొక్కవలె నుండును, దాని కొనలనుండి నీరు జారుచుండును. విద్యార్థులు దాని ప్రక్కగా నవ్వుచు, పుస్తకములు పట్టుకొని, తరగతులకు పోవుచుందురు.

ప్రతి సంవత్సరము నవంబరు 14న జనులు దాని చుట్టు కూడుదురు. డెబ్బదియైదుగురిని జ్ఞాపకము చేసికొందురు. పిమ్మట నీటిని కట్టివేయుదురు. ఆ దినమునుండి చలికాలమంతయు ఆ ఫౌంటెను ఎండి, నిశ్శబ్దముగా నిలిచియుండును. వసంతకాలము వచ్చినప్పుడు నీటిని మరల విడుతురు.

— వచ్చే నెల పాఠమునకు ఎజ్రా గ్రంథము మూడవ అధ్యాయమును ఇండ్లలో ముందుగా చదివి రండి.